బొమ్మ గీయని దర్శకుడు, గీసిన చేతులు

యానిమేషన్ అంటే గీసిన బొమ్మల్ని కదిలించడం. ఆ రంగంలో దర్శకులైనవాళ్లు చాలామంది ముందు బొమ్మలు గీసి, ఆ తర్వాత దర్శకత్వంలోకి వచ్చినవాళ్లే. జపాన్ దర్శకుడు ఇసావో తకహాత బొమ్మలు గీసే మనిషి కాడు. ఆయన చేసిందల్లా చూడటం, చదవటం, తను చూసిందాన్ని మాటల్లో చెప్పి ఇంకొకరి చేత గీయించడం. అలాగే 1968లో మొదటి సినిమా తీశాడు, 2013లో చివరి సినిమా తీశాడు. ఈ రెంటికీ మధ్య ఆయన బొమ్మల్లోకి వచ్చిన ఆడపిల్లల పేర్లు వరసగా చెప్పుకుంటే హిల్డా, హైదీ, ఆన్, చియె, తయెకో, కగుయ. వీళ్లలో కత్తి పట్టి లోకాన్ని కాపాడే వీరనారులు లేరు. గడ్డి మోస్తారు, కొట్టు నడుపుతారు, లెక్కలు రాక ఏడుస్తారు, నెలసరి గురించి గుసగుసలాడుకుంటారు.

మగవాడు రాసిన స్త్రీ గురించి మనం తక్కువ రాసుకోలేదు. చలం దగ్గర మొదలైన ఆ వాదన ఇంకా తెగలేదు, తెగాల్సిన అవసరం కూడా లేదేమో. తకహాత దగ్గరకొచ్చేసరికి ఆ ప్రశ్నకి ఇంకో మడత పడుతుంది. కథలో ఆయన ఒక్కడే కలం పట్టుకుని కూర్చోలేదు. ఊహ ఆయనది, గీత వేరేవాళ్లది, రంగు ఇంకా వేరేవాళ్లది. ఆ వేరేవాళ్లలో ఆడవాళ్లు ఎంతోమంది. తెలుగు కథల్లో ఇంటిచాకిరీ ఎక్కడ కనిపిస్తుంది, ఎక్కడ మాయమవుతుంది అన్నది కొన్నేళ్లుగా నా పరిశోధన. ఆ కళ్లతోనే ఈ సినిమాలు చూశాను. తెరమీద ఆడపిల్లల పని ఇంత శ్రద్ధగా చూపించిన మనిషి వెనక, ఆ తెరకోసం పనిచేసిన ఆడవాళ్ల సంగతేమిటన్నది నన్ను వదల్లేదు.

తకహాత 1935 అక్టోబర్‌లో మియె జిల్లాలో పుట్టాడు. ఒకయామ నగరంలో పెరిగాడు. 1945 జూన్ 29 తెల్లవారుజామున అమెరికా విమానాలు ఆ ఊరిమీద నిప్పులు కురిపించినప్పుడు ఆయనకి తొమ్మిదేళ్లు. కుటుంబం నుంచి తప్పిపోయి, పడుకున్న బట్టలతో, ఒక అక్కతో కలిసి మంటల మధ్య పరుగెత్తాడు. ఆ రాత్రి గురించి పెద్దయ్యాక చాలాసార్లు మాట్లాడాడు. తోక్యో విశ్వవిద్యాలయంలో ఫ్రెంచి సాహిత్యం చదివాడు. ఆ రోజుల్లోనే పోల్ గ్రిమో తీసిన, కవి జాక్ ప్రెవే మాటలు రాసిన ఒక ఫ్రెంచి యానిమేషన్ సినిమా చూసి, బొమ్మలతో ఇంత చెప్పొచ్చా అనుకున్నాడు. ప్రెవే మీద ఇష్టం చివరిదాకా పోలేదు, ఆయన కవిత్వాన్ని జపనీస్‌లోకి అనువదించాడు కూడా. 1959లో తోయె దోగా అనే యానిమేషన్ సంస్థలో చేరాడు. సాహిత్యం చదివినవాడు బొమ్మల ఫ్యాక్టరీలోకి వెళ్లడం మనకి వింతగా తోస్తుంది గానీ, ఆయన సినిమాలన్నిట్లోనూ మూలగ్రంథాన్ని చదివే పద్ధతి సాహిత్య విద్యార్థిదే.

ఫ్యాక్టరీ అని ఊరికే అనలేదు. తోయె దోగా 1956లో మొదలైంది. 1958లో జపాన్ మొదటి రంగుల యానిమేషన్ చిత్రాన్ని విడుదల చేసింది. కాగితం మీద గీసిన బొమ్మని పారదర్శకమైన సెల్ మీదకి గీత గీతా దింపాలి, దాన్ని తిప్పి వెనకవైపు రంగు నింపాలి, ఆరబెట్టాలి, లెక్కపెట్టి కెమెరా గదికి పంపాలి. ఈ పని చేసినవాళ్లలో ఎక్కువమంది యువతులు. చెయ్యి వణకకూడదు, గీత తెగకూడదు, సొంత ముద్ర అసలే కనపడకూడదు. ఓపిక ఆడవాళ్ల సహజగుణం అనే వాదన ఇక్కడ కూడా పనికొచ్చింది. అందరికీ తెలిసిన వాదనే కాబట్టి దాని దగ్గర ఆగను.

అక్కడ రెయికో ఒకుయామ అనే ఆవిడ ఉండేది. తకహాత పుట్టిన నెలలోనే, సెన్దాయ్‌లో పుట్టింది. 'దోగా' అన్న ఉచ్చారణకి కదిలే బొమ్మలు అనీ, పిల్లల పుస్తకాల బొమ్మలు అనీ రెండర్థాలు వస్తాయి. ఆవిడ రెండోది అనుకుని దరఖాస్తు పెట్టిందట. చేరాక మధ్యబొమ్మలు గీసే స్థాయి నుంచి ముఖ్యమైన కదలికలు గీసే స్థాయికి ఎదిగింది. పెళ్లయితే, కాకపోతే బిడ్డ పుడితే, ఉద్యోగం మానేసి వెళ్లడం అప్పటి ఆడ ఉద్యోగులకి మామూలు. ఆవిడ 1963లో తోటి చిత్రకారుడు యోయిచి కొటబెని పెళ్లి చేసుకుంది, ఒకుయామ అన్న పేరుతోనే పని సాగించింది. బిడ్డ పుట్టాక కూడా మానలేదు. ఇది చిన్న సంగతిలా కనిపిస్తుంది. కానీ ఆ సంస్థలో తర్వాత వచ్చిన ఆడవాళ్లకి, తల్లి అయ్యాక కూడా బల్లముందు కూర్చోవచ్చని చూపించిన మనిషి ఆవిడే.

తోయె దోగాలో కార్మిక సంఘం బలంగా ఉండేది. తకహాత అందులో ఉపాధ్యక్షుడు, ఆయనకంటే అయిదేళ్లకి పైగా చిన్నవాడైన హయావో మియజాకి కార్యదర్శి. రంగులు వేసే విభాగం నుంచి వచ్చిన మిచియో యసుదకి ఈ ఇద్దరితో స్నేహం సంఘం పనుల్లోనే కలిసింది. ఆవిడ గురించి ముందు చెబుతాను.

సంఘం మీటింగుల్లో చర్చించుకున్నట్టే సినిమా కూడా చర్చించి తీద్దామనుకున్నారు. పెద్ద చిత్రకారుడు యసువో ఓత్సుక పట్టుబట్టి తకహాతని దర్శకుడిని చేయించాడు. అలా వచ్చింది 'హోరుస్'. 1965లో మొదలై మూడేళ్లు పట్టింది. ఐను జాతి గాథ ఆధారంగా వచ్చిన ఒక తోలుబొమ్మల నాటకం దీనికి మూలం. సినిమాలో మాత్రం కథని ఉత్తర యూరప్‌కి మార్చారు. ఊరంతా కలిసి దెయ్యాన్ని ఎదిరించే కథ. ఎక్కడ చూసినా ఊళ్లోవాళ్లు పని చేస్తూనే ఉంటారు. చేపలు పడతారు, వల లాగుతారు, పెళ్లిబట్టలు కుడతారు. ఆ ఊళ్లోకి హిల్డా అనే పిల్ల వస్తుంది. తన ఊరు నాశనమైపోయింది. దెయ్యం ఆమెని చెల్లెలంటూ పెంచింది, ఊళ్లు కూల్చడానికి పంపింది. ఆమెకి వచ్చింది పాట ఒక్కటే. ఆమె పాడితే ఊరంతా పని ఆపి వింటుంది. అమ్మలక్కలు సూది చేతికిస్తే కుట్టలేదు. నలుగురాడవాళ్లు కూర్చుని మాట్లాడుకుంటూ కుట్టుకునే ఆ చోట, కుట్టడం రాని పిల్ల ముఖంలో ఏమేం కదలాలో తకహాత రాశాడు. హిల్డాకి రూపం ఇచ్చింది యసుజి మోరి. ఈ సినిమాకి ముఖ్య కదలికలు గీసినవాళ్లలో ఒకుయామ ఉంది.

మంచిదీ కాక, చెడ్డదీ కాక, రెంటి మధ్యా నలిగే ఆడపిల్ల అప్పటికి పిల్లల బొమ్మల సినిమాలకి కొత్త. సమయం, డబ్బు అయిపోయి రెండు పోరాట సన్నివేశాల్ని కదలని బొమ్మలతోనే సరిపెట్టారు. 1968 జులైలో విడుదల చేసి పదిరోజులకే తీసేశారు. తకహాతకి తోయెలో మళ్లీ సినిమా దక్కలేదు, టీవీ సీరియళ్ల పనికి పంపారు. 1971లో ఆయన, మియజాకి, కొటబె ముగ్గురూ సంస్థ వదిలారు. ఒకుయామ అక్కడే ఉండిపోయింది. 1975లో అక్కడ తీసిన 'మత్స్యకన్య' సినిమాకి చిత్ర పర్యవేక్షణ ఆవిడదే. అప్పటి లెక్కలో ఒక స్త్రీకి దక్కిన అతి పెద్ద బాధ్యతల్లో అదొకటి.

బయటికొచ్చిన ముగ్గురూ మొదట స్వీడన్ రచయిత్రి ఆస్ట్రిడ్ లిండ్‌గ్రెన్ 'పిప్పి' కథల్ని తీద్దామనుకున్నారు, ఆవిడ ఒప్పుకోలేదు. ఆ తయారీ వృథా పోలేదు. 1974లో యోహన్నా స్పీరి నవల ఆధారంగా 'హైదీ' వచ్చింది. ఆదివారం సాయంత్రాలు, ఏడాది పొడుగునా 52 వారాలు. స్విట్జర్లాండ్ వెళ్లి కొండలు, గుడిసెలు చూసి వచ్చారు. కొటబె పాత్రల రూపం చేశాడు, మియజాకి ప్రతి దృశ్యానికీ అమరిక గీశాడు.

యాభై రెండు వారాల్లో జరిగేదేమిటి? చాలా తక్కువ. తాత రొట్టెమీద జున్ను కరిగిస్తాడు, మేకలు కొండెక్కుతాయి, గడ్డిపరుపు మీద పిల్ల నిద్రపోతుంది. కథ నడవాలంటే ఏదో ఒకటి జరిగి తీరాలని నమ్మే టీవీకి ఇది పెద్ద సాహసం. మనకి సాహిత్యంలో అలవాటే. ఆడవాళ్ల కథల్లో ఏమీ జరగదు అని ఎన్నిసార్లు వినలేదు! జరగనిదల్లా యుద్ధాలూ, హత్యలూను. మొదటి వారంలో ఒక దృశ్యం నాకు చాలా ఇష్టం. పిన్ని డేటెకి పట్నంలో ఉద్యోగం దొరికింది, పిల్లని కొండమీద తాతకి అప్పగించి పోవాలి. మూట మోయకుండా తప్పించుకోవడానికి ఉన్న బట్టలన్నీ పిల్లకి ఒకదానిమీద ఒకటి తొడిగేసింది. ఎండలో చెమటలు కక్కుతూ నడుస్తున్న హైదీ, మేకల్ని చూసి ఒక్కొక్క బట్టా విప్పి పారేసి పరుగెత్తుతుంది. మూలంలో ఉన్నదే ఇది. తకహాత దాన్ని సాగదీసి, ఆ తేలికదనాన్ని మన ఒంటికి తెలిసేలా చేశాడు. ఈ విప్పి పారేసిన బట్టల్ని గుర్తుపెట్టుకోండి, ముప్పై తొమ్మిదేళ్ల తర్వాత ఇంకో పిల్ల కూడా ఇదే పని చేస్తుంది.

1976లో వచ్చిన 'మూడువేల లీగులు' ఎద్మొందో దె అమిచిస్ రాసిన చిన్న కథకి 52 వారాల విస్తరణ. పేదల ఆసుపత్రి నడిపే తండ్రి అప్పులపాలవుతాడు. తల్లి ఇటలీలోని జెనోవా నుంచి అర్జెంటీనాకి ఇంటిపనికి వెళుతుంది. ఉత్తరాలు ఆగిపోతాయి, కొడుకు మార్కో వెతుక్కుంటూ బయల్దేరతాడు. అందరూ దీన్ని కొడుకు ప్రయాణంగానే చూస్తారు. కడప నుంచీ గోదావరి జిల్లాల నుంచీ కువైట్, మస్కట్ వెళ్లి ఎవరి పిల్లలకో అన్నం కలిపిపెట్టిన తల్లుల్ని ఎరిగినవాళ్లం మనం. మనకి ఇది మొదట ఆ తల్లి కథ. తకహాత కెమెరా తల్లి దగ్గరికి ఎక్కువసేపు వెళ్లదు. కానీ ఆమె ఎందుకు వెళ్లింది, ఇంట్లో ఎవరి నిర్ణయం వల్ల వెళ్లాల్సొచ్చింది అన్న ప్రశ్నని మార్కో నోట తండ్రి ముందు పెట్టిస్తాడు. ఈ సీరియల్‌కి భర్తకి తోడుగా ఒకుయామ కూడా పనిచేసింది.

'ఆన్' 1979లో. ఎల్.ఎం. మాంట్గమరీ నవలకి దాదాపు అక్షరాలా కట్టుబడి తీసిన 50 భాగాలు. అనాథ పిల్ల ఆన్ ఎడతెగకుండా మాట్లాడుతుంది, కలలు కంటుంది, చిరాకు కూడా తెప్పిస్తుంది. తకహాత ఆమెని ముద్దుగా మార్చలేదు. పెంచుకున్న మరిల్లా వైపు నుంచి కూడా చూడనిచ్చాడు. పెళ్లి చేసుకోని యాభై దాటిన స్త్రీ, నోట్లోంచి ఒక మంచిమాట రావడానికి ఎంత కష్టపడుతుందో, ఆ గడుసుతనం లోపల ఏముందో చూపించాడు. యొషిఫుమి కొన్దొ అనే యువ చిత్రకారుడు ఆన్‌ని పదకొండేళ్ల బక్కపిల్ల నుంచి పదహారు దాటిన అమ్మాయి దాకా నెమ్మదిగా పెంచాడు. 1981లో వచ్చిన 'జరింకో చియె'లో ఒసాకా సందులో ఓ చిన్నపిల్ల పేగులూ కార్జాలూ కాల్చి అమ్మే కొట్టు నడుపుతుంది, ఎందుకంటే తండ్రి జూదరి. నవ్విస్తూనే ఉంటుంది సినిమా. ఆ నవ్వు కింద డబ్బులు లెక్కపెట్టుకునే చిన్న చేతులున్నాయి.

1985లో మొదలైన స్టూడియో జిబ్లీలో ఆయన మొదటి సినిమా 'మిణుగురుల సమాధి'. 1988 ఏప్రిల్‌లో మియజాకి 'తొతోరో'తో జంటగా విడుదలైంది. అకియుకి నొసాక 1967 నాటి కథ అది, తన చెల్లెలు ఆకలితో చనిపోయిన అపరాధభావంతో రాసింది. కోబె నగరం తగలబడి తల్లి పోతుంది. పద్నాలుగేళ్ల సెయిత, నాలుగేళ్ల సెత్సుకో దూరపు బంధువు ఇంట్లో కొన్నాళ్లుండి, పడక బయటికి వచ్చేసి, గుహలాంటి చోట ఉండి చనిపోతారు. ఇది యుద్ధవ్యతిరేక సినిమా అని లోకం అంటే తకహాత ఒప్పుకునేవాడు కాడు. యుద్ధం వద్దనేవాడే ఆయన, యుద్ధాన్ని త్యజించే రాజ్యాంగ అధికరణ కోసం సినిమావాళ్లు పెట్టిన సంఘంలో ఉన్నాడు. కానీ ఏడిపించే సినిమాలు యుద్ధాల్ని ఆపవని ఆయన అభిప్రాయం.

నన్ను ఈ సినిమాలో పట్టుకున్నది ఆ బంధువులావిడ. చూసినవాళ్లంతా ఆమెని తిట్టుకుంటారు. అన్నం వడ్డించేటప్పుడు పనిచేసేవాళ్లకి గట్టి అన్నం, పిల్లలిద్దరికీ నీళ్లగంజి. తల్లి పట్టుబట్టలు అమ్మి బియ్యం తెమ్మంటుంది. దయలేని మనిషే. అయితే గరిటె ఆమె చేతిలో ఉంది. రేషన్ బియ్యాన్ని ఇంటిల్లిపాదికీ పంచే పని, ఎవరికి తక్కువైనా తిట్లు తినే పని ఆమెదే. సెయిత నౌకాదళ అధికారి కొడుకు, రోజంతా పడుకుంటాడు, బకెట్ మోయడు, నిప్పార్పే దళానికి వెళ్లడు. ఆకలి కాలంలో వంటింటి లెక్కలు ఇంత నిజంగా చూపించిన యుద్ధ సినిమా నేనైతే ఇంకోటి చూడలేదు. తకహాత ఆమెని క్షమించమని అడగడు. గరిటె కదిలిక మాత్రం దగ్గర్నుంచి చూపిస్తాడు.

ఈ సినిమా రంగుల బాధ్యత మిచియో యసుదది. సెల్ బొమ్మల చుట్టుగీత మామూలుగా నల్లగా ఉంటుంది. ఇందులో గోధుమరంగు వాడారు. దాంతో ముఖాలు నేపథ్యంలోంచి కత్తిరించి అతికించినట్టు లేకుండా అందులో కలిసిపోయాయి. మంటల వెలుగులో, మిణుగురుల వెలుగులో ఆ గీత మెత్తబడుతుంది. ఈ నలుపుకీ గోధుమకీ మధ్య తేడా చూసే కన్ను, 1950ల చివర్లో తోయెలో చేరి వేల సెల్‌ల మీద పనిచేసి సంపాదించుకున్నది. యసుద 2016లో చనిపోయింది. జిబ్లీ రంగులు అని లోకమంతా మురిసిపోతుంది, ఆ రంగులు ఎంచిన మనిషి పేరు చెప్పమంటే చాలామందికి తెలియదు.

ఇక 1991 నాటి 'ఒమొహిదె పొరొపొరొ'. రాలిపడే జ్ఞాపకాలు అని చెప్పుకోవచ్చు. హోతరు ఒకమొతొ, యూకో తొనె చేసిన బొమ్మలకథలో 1966 నాటి అయిదో తరగతి పిల్ల తయెకో జ్ఞాపకాలు మాత్రమే ఉన్నాయి. తకహాత దానికి 1982లో ఇరవై ఏడేళ్ల తయెకోని జోడించాడు. తోక్యోలో ఆఫీసు ఉద్యోగం, పెళ్లి కాలేదు. పాతికేళ్లు దాటినా పెళ్లికాని అమ్మాయిని జపాన్‌లో అప్పుడు 'క్రిస్మస్ కేకు' అనేవారు, ఇరవై అయిదో తేదీ దాటితే కొనేవాళ్లుండరని. ఉద్యోగాల్లో స్త్రీపురుష సమానత్వ చట్టం వచ్చింది 1985లో. తయెకో ఆ చట్టానికి ముందు మనిషి. ఆమె సెలవు పెట్టి యమగత పల్లెకి పూలు కోయడానికి వెళుతుంది.

అవి కుసుమ పూలు. తెలంగాణలో రబీలో నూనె కోసం వేసే పంటే. అక్కడ ఆ పూరేకుల నుంచి పెదాలకి పూసుకునే ఎర్రరంగు తీసేవారు. తయెకో ఒక పాతమాట చెబుతుంది. ముళ్లు గుచ్చుకుని నెత్తురోడుతున్న చేతులతో పల్లె ఆడపిల్లలు కోసిన పూలు పట్నం ఆడవాళ్ల పెదాలమీద ఎరుపయ్యేవి, కోసినవాళ్లకి ఆ రంగు పూసుకునే యోగం జన్మలో లేదు. ఆ తర్వాత తకహాత తొందరపడడు. పూలు కోయడం, కడగడం, తొక్కడం, పులియబెట్టడం, ముద్దలు చేయడం, ప్రతిదీ చూపిస్తాడు. గొంతులు ముందే రికార్డు చేసి, ఆ నటుల ముఖాల్ని చూసి గీయించాడు. నవ్వితే బుగ్గమీద ముడత పడుతుంది. అందమైన అమ్మాయి ముఖంమీద ఆ గీత ఎందుకని అప్పుడు విసుక్కున్నవాళ్లున్నారు. అది ఇరవై ఏడేళ్ల ముఖం కాబట్టి.

చిన్న తయెకో భాగాల్లో పెద్ద సంఘటనలు లేవు. ఇంటికి మొదటిసారి అనాసపండు తెస్తారు, ఎలా కోయాలో ఎవరికీ తెలియదు, తీరా తింటే రుచిగా ఉండదు. భిన్నాన్ని భిన్నంతో భాగించడం అంటే అసలేమిటని అడిగితే అక్క విసుక్కుంటుంది. నాటకంలో వేషం వేయమని పెద్దవాళ్లు అడగడానికి వస్తే తండ్రి కుదరదంటాడు, అంతే, ఇంకో మాట లేదు. బడిలో ఆడపిల్లల్ని వేరే గదిలో కూర్చోబెట్టి నెలసరి గురించి చెప్పడం, మగపిల్లలకి అది తెలిసిపోయి ఏడిపించడం, జ్వరం వచ్చి ఆటలకి వెళ్లకపోయినా అందరూ అదే అనుకుంటారేమోనన్న భయం. 1991లో బొమ్మల సినిమాలో ఇదంతా! అమెరికా థియేటర్లకి ఈ సినిమా చేరింది 2016లోనే, పాతికేళ్లకి. ఈ సన్నివేశాలు కూడా ఆ ఆలస్యానికి ఒక కారణమని చెబుతారు.

చివర మాత్రం నాకు ఇప్పటికీ గొంతులో అడ్డం పడుతుంది. ఆ ఇంటి పెద్దావిడ తయెకోని, తోషియోని చేసుకుని ఇక్కడే ఉండిపో అంటుంది. తయెకో కంగారుపడి రైలెక్కేస్తుంది. పేర్లు పడుతుండగా, పాట వస్తుండగా, చిన్ననాటి పిల్లలు ఆమెని లాగి రైలు దింపుతారు. వెనక్కి వెళుతుంది. ఆ పాట అమెరికన్ పాటకి తకహాత స్వయంగా చేసిన అనువాదం. రెండు గంటలపాటు ఒక స్త్రీ తన లోపలి పిల్లతో మాట్లాడుకున్నది ఇందుకా, సేద్యం చేసే మగవాడికి భార్య కావడానికా అని అడిగినవాళ్లున్నారు. ఆ ప్రశ్న న్యాయమైనదే. పల్లె కోడలి చాకిరీ ఎలాంటిదో తెలిసినవాళ్లెవరూ ఆ ముగింపుని తేలిగ్గా మింగలేరు. పైగా బొమ్మలకథ రాసుకున్న స్త్రీల పుస్తకంలో లేని పెళ్లి అది, తకహాత చేర్చినది. ఆమె మళ్లీ ఆఫీసు బల్లకే వెళితే నాకు తృప్తిగా ఉండేదా అని అడుగుతారేమో. ఉండేది కాదు. పూలు కోసే చేతుల మీద అంత గౌరవం ఉన్న సినిమా, ఆ చేతులు వంటింట్లోకి వెళ్లాక ఏమవుతాయో చూపించకుండా రైలు స్టేషన్ దగ్గర వదిలేసింది. నా ఫిర్యాదు అది.

1994లో తోక్యో శివార్ల కొత్తనగరం కోసం అడవి పోగొట్టుకున్న జంతువుల కథ 'పొంపొకొ', 1999లో ఒక మామూలు కుటుంబం మీద నీళ్లరంగుల హాస్యం 'యమద ఇంటివాళ్లు'. రెండోది డబ్బు పోగొట్టింది. దాని తర్వాత పద్నాలుగేళ్లు సినిమా లేదు. ఈ మధ్యకాలంలో చెప్పుకోవాల్సింది ఇంకోటుంది. ఆన్‌ని పెంచిన కొన్దొ, 'మిణుగురులు', 'ఒమొహిదె' ముఖాల్ని గీయించిన కొన్దొ, 1998 జనవరిలో 47వ ఏట చనిపోయాడు. ఒళ్లు హూనం చేసుకున్న పనే అతన్ని తీసుకుపోయిందని చెప్పుకుంటారు. తకహాత చేతికింద పనిచేసినవాళ్లు ఎలా నలిగిపోయేవాళ్లో జిబ్లీ నిర్మాత తోషియో సుజుకి తర్వాత దాచకుండా మాట్లాడాడు. గీయని మనిషికి గీతలో ఏం కావాలో తెలుసు. అది వచ్చేదాకా మళ్లీ గీయమంటాడు. తెరమీద శ్రమకి అంత విలువ ఇచ్చిన దర్శకుడే తన బల్లచుట్టూ ఉన్నవాళ్ల శ్రమని అలా తోడుకున్నాడు. ఒకప్పటి సంఘం నాయకుడు. ఈ రెండూ నా మనసులో కలవవు, కలపాలని ప్రయత్నించను కూడా.

'కగుయ' 2013 నవంబర్‌లో వచ్చింది. ఎనిమిదేళ్ల తయారీ, దాదాపు 500 కోట్ల యెన్‌ల ఖర్చు, అందులో సుమారు సగం మాత్రమే తిరిగి వచ్చింది. మూలం 'తకెతొరి మొనొగతరి', జపాన్ కథాసాహిత్యంలో మొట్టమొదటిదిగా చెప్పే వెయ్యేళ్లనాటి కథ. వెదురు కొట్టుకునే ముసలాయనకి వెదురులో చిన్న పిల్ల దొరుకుతుంది, అందాలరాశిగా పెరుగుతుంది, అయిదుగురు ప్రభువుల్నీ చక్రవర్తినీ కాదంటుంది, చివరికి చంద్రలోకానికి వెళ్లిపోతుంది. ఎందుకొచ్చిందో, ఇక్కడ ఏమనుకుందో మూలంలో తెలియదు. తకహాత, రచయిత్రి రికో సకగుచి కలిసి ఆ ఖాళీలోకి వెళ్లారు.

వెదురులో బంగారం, పట్టుబట్టలు కూడా దొరుకుతాయి. అంటే పిల్లని రాకుమారిగా పెంచమని దేవుడి ఆజ్ఞ అని తండ్రి అర్థం చేసుకుంటాడు. కూతురి సుఖం కోసమే పట్నంలో మేడ కట్టిస్తాడు. చెడ్డవాడు కాదు, అదే చిక్కు. కనుబొమలు పీకాలి, పళ్లు నల్లగా చేయాలి, పరుగెత్తకూడదు, పెద్దగా నవ్వకూడదు. చెమట కళ్లలో పడకుండా ఆపేది కనుబొమలే కదా, రాకుమారికి చెమట పట్టదా అని అడుగుతుంది కగుయ. ఆమె పేరు పెట్టే పండుగ మూడు రోజులు జరుగుతుంది, ఆమె మాత్రం తెరచాటున కూర్చుంటుంది. బయట తాగినవాళ్లు ముఖం చూపించమని తండ్రితో వాదిస్తారు. అప్పుడు ఆమె లేచి పరుగెత్తుతుంది. తలుపులు విరుగుతాయి, పొరలు పొరలుగా కట్టిన పట్టు ఒక్కొక్కటీ వీధిలో రాలిపోతుంది. అంతవరకూ మెత్తగా, నీళ్లరంగులతో ఉన్న బొమ్మ ఒక్కసారి బొగ్గుగీతలా మారుతుంది. ఎడాపెడా, చిరిగినట్టు, కోపంగా. హైదీ బట్టలు ఒక్కొక్కటిగా కొండమీద రాలినప్పుడు తేలికపడ్డ ఒళ్లే, ఇక్కడ నెత్తురు తన్నుకొచ్చే ఒళ్లు.

మేడ వెనకాల తల్లి ఒక చిన్న వంటిల్లు, మగ్గం పెట్టుకుంటుంది. కగుయ పట్టు బరువు దించుకుని మనిషిగా కూర్చునేది అక్కడే. తండ్రి కట్టించిన వందగదుల మేడలో ఆమెది అని చెప్పుకోదగ్గ చోటు అదొక్కటే. ప్రభువులు అయిదుగురూ ఆమెని చూడకుండానే అపురూప వస్తువులతో పోల్చి పొగుడుతారు, ఆ వస్తువులే తెమ్మంటుంది. పాత కథలో ఇది తెలివి. సినిమాలో ఒకడు ఆ ప్రయత్నంలో చనిపోతే, ఆమె తానే నకిలీదాన్నని కుమిలిపోతుంది. ఆ తర్వాత చక్రవర్తి వస్తాడు. మూలంలో చక్రవర్తితో ఉత్తరాలు నడుస్తాయి, ఒక రకమైన మర్యాదైన ప్రేమ. ఇక్కడ అతను చెప్పకుండా వెనకనుంచి వచ్చి వాటేసుకుంటాడు. తను పట్టుకుంటే సంతోషించని ఆడది ఉండదని అతని నమ్మకం. ఆ క్షణంలో ఆమె ఇక్కడ ఉండలేను అనుకుంటుంది. అనుకున్నది చంద్రుడికి వినిపిస్తుంది. ఇక వెనక్కి తీసుకోవడానికి లేదు. వెయ్యేళ్లుగా ఆమె ఎందుకు వెళ్లిపోయింది అన్నదానికి ఈ సినిమా ఇచ్చిన జవాబు, అడగకుండా వేసిన ఒక చెయ్యి. డెబ్బై ఎనిమిదేళ్ల ముసలాయన, ఒక రచయిత్రి కలిసి రాసిన జవాబు.

ఆస్కార్‌కి నామినేషన్ వచ్చింది, గెలవలేదు. 2018 ఏప్రిల్ 5న, 82 ఏళ్ల వయసులో తకహాత చనిపోయాడు.

'కగుయ' నిర్మాత యొషియాకి నిషిమురా 2016లో బ్రిటన్ పత్రిక గార్డియన్‌తో మాట్లాడుతూ, ఆడవాళ్లు వాస్తవికంగా ఉంటారని, ఊహాలోకపు సినిమాలకి ఆదర్శవాదం కావాలి కాబట్టి మగవాళ్లని ఎంచుకుంటారని అన్నాడు. గొడవయ్యాక క్షమాపణ చెప్పాడు. కగుయ పరుగుని ఎనిమిదేళ్లు దగ్గరుండి తీయించిన మనిషి మాట ఇది. స్టూడియో జిబ్లీ థియేటర్లకి తీసిన పూర్తినిడివి సినిమాల్లో ఒక్కదానికి కూడా స్త్రీ దర్శకత్వం వహించలేదు. అదే 2016లో, వేరే స్టూడియోలో, నవోకో యమద 'కొయె నొ కతచి' తీసింది. అంటే చేయగలిగినవాళ్లు లేక కాదు.

2019 వేసవిలో తోక్యోలోని జాతీయ ఆధునిక కళా మ్యూజియం తకహాత మీద పెద్ద ప్రదర్శన పెట్టింది. ఆయన గీయలేదు కాబట్టి గోడలమీద ఆయన రాతలు, నోటుపుస్తకాలు, 'హోరుస్' కోసం తోటివాళ్లకి పంచిన కాగితాలు. వాటి పక్కన వేరేవాళ్లు గీసిన బొమ్మలు. అదే ఏడాది ఏప్రిల్ నుంచి సెప్టెంబర్ దాకా ప్రభుత్వ ప్రసార సంస్థ ఎన్‌హెచ్‌కె రోజూ పొద్దున్న 'నత్సుజొర' అనే సీరియల్ వేసింది. బొమ్మల స్టూడియోలో చేరి, పెళ్లయి బిడ్డ పుట్టినా పని మానని ఒక చిత్రకారిణి కథ. ఆ పాత్రకి ప్రేరణ రెయికో ఒకుయామ. ఆవిడ అప్పటికే లేదు. చివరి ఏళ్లలో రాగిరేకుల మీద గీత చెక్కి అచ్చువేసే కళలో గడిపి, 2007లో చనిపోయింది. నాటి స్టూడియో వివరాలు సరిగ్గా ఉన్నాయో లేవో చూసి దిద్దినవాడు ఆవిడ భర్త కొటబె, అప్పటికి ఎనభై దాటిన మనిషి.

సీరియల్‌లో ఆ చిత్రకారిణి పెళ్లి చేసుకునేది తోటి చిత్రకారుణ్ని కాదు. బొమ్మలు గీయడం రాని, విశ్వవిద్యాలయం నుంచి వచ్చిన, మొదటి సినిమా దెబ్బతిని సంస్థ వదిలేసిన దర్శకుణ్ని. చూసేవాళ్లందరూ అతను తకహాత అని గుర్తుపట్టారు. ఉద్యోగం పోయాక అతను ఇంట్లో కూర్చుని అనువాదాలు చేసుకుంటూ బిడ్డని పెంచుతాడు, ఆమె స్టూడియోకి వెళుతుంది. ఆ భాగాలు చూస్తూ నవ్వుకున్నాను. ఒకుయామ కథ చెప్పడానికి కూడా ఆవిడకి ఒక గొప్ప దర్శకుణ్ని మొగుణ్ని చేయాల్సొచ్చింది. బిడ్డకి అన్నం కలిపే పని మాత్రం, ఈసారికి, అతని చేతికి ఇచ్చారు.